బుగ్గలకి రాయాలట

మా కోడలి పిల్లికి గజ్జి ఉందని నాకు మొదటి వారంలోనే అనుమానం వచ్చింది.

ఊరికే వచ్చిన అనుమానం కాదు. ఇంట్లో అడుగు పెట్టిన దగ్గర్నుంచి అది దేనికో ఒకదానికి ఒళ్ళు రాసుకుంటూనే ఉండేది. తలుపు అంచుకి బుగ్గ రాసేది. నా కుట్టుమిషను కాలికి నడుము రాసేది. మా ఆయన చెప్పులకి తల రుద్ది రుద్ది, చివరికి ఆ చెప్పుల మీదే వెల్లకిలా పడి పొర్లేది. ఒంట్లో బాగున్న జంతువు అలా చేస్తుందా? నా చిన్నతనంలో మా వీధి కుక్క ఒకటి ఇలాగే గోడలకి రాసుకుని రాసుకుని, వీపు మీద వెంట్రుకన్నది లేకుండా అయి, ఒకరోజు కనపడకుండా పోయింది. ఎక్కడికి పోయిందని అడిగితే పెద్దవాళ్ళెవరూ చెప్పలేదు. చెప్పలేదంటే అర్థం ఏమిటో నాకు అప్పుడే తెలుసు.

మా ఇంట్లో అంతకుముందే ఒక పిల్లి ఉంది. పేరు దొర. నారింజ రంగు, ముసలివాడు. పనీ పాటా ఏమీ లేదు. కిటికీ కింద నేను మడతపెట్టిన పరదాల మీద కూర్చుని, మేమంతా వాడి జీతగాళ్ళమన్నట్టు చూస్తుంటాడు. నేను పరదాల కొట్టుకి ఇంట్లోనే కుట్టి ఇస్తాను. కుట్టినవాటి మీద వాడి వెంట్రుకలు ఏరడంతోనే నా పొద్దు సగం గడిచిపోతుంది. కోడలి పిల్లి బూడిద రంగులో సన్నగా ఉంటుంది. కోడలు దాన్ని మసి అని పిలుస్తుంది. పెళ్ళయి మా ఇంటికి వచ్చిన రోజున మావాడి చేతిలో ఆమె పెట్టెలున్నాయి, ఆమె చేతిలో మసిని పెట్టిన బుట్ట ఉంది. పెట్టెలు ఎవరడిగినా ఇచ్చింది గానీ ఆ బుట్ట మాత్రం ఎవరినీ ముట్టుకోనివ్వలేదు.

వచ్చిన కొన్నాళ్ళకి మావాడు వంటింటి గుమ్మంలో నిలబడి, చెప్పాలా వద్దా అన్నట్టు గోడ గీకడం మొదలుపెట్టాడు. వాడు లిఫ్టులు బాగుచేస్తాడు. ఎంత ఎత్తులో వేలాడుతూ పనిచేస్తాడో నేను అడగను, వాడు చెప్పడు.

"అమ్మా, మా ఆఫీసు పక్క వీధిలో చిన్న ఇల్లొకటి ఖాళీ అయింది. చూశాం. బాగుంది. ఓనరు నెలాఖరు దాకా ఆగుతానన్నాడు."

"ఎవరికిరా ఇల్లు?"

"మాకే. అంటే, ఇంకా ఏం అనుకోలేదు. రెండు పిల్లులూ ఇక్కడ సర్దుకుంటే ఇక్కడే ఉంటాం. సర్దుకోకపోతే దాన్ని తీసుకుని అక్కడికి వెళ్ళిపోతాం. తను దాన్ని వదిలి ఉండలేదు, నీకు తెలుసుగా."

వేరుకాపురం అన్న మాట వాడు అనలేదు. నాకు వినపడింది. వాడు అటు వెళ్ళగానే నా బుర్ర దాని పని అది మొదలుపెట్టింది. ఊరికి ఆ చివర ఇల్లు. వీడు ఎక్కడో లిఫ్టు గొయ్యిలో. పిల్ల ఒక్కతే ఇంట్లో. ఎవరికి ఏమైనా నాకు కబురు ఎవరు చెబుతారు? ఎప్పుడు చెబుతారు? చెప్పేసరికి ఏమై ఉంటుంది?

అందుకని పిల్లుల్ని కళ్ళల్లో వత్తులు వేసుకుని చూడటం మొదలుపెట్టాను. అవి సర్దుకుంటున్నాయా లేదా అన్నదే నాకు కావలసింది. కానీ సర్దుకోవడమంటే ఎలా ఉంటుందో తెలిస్తే కదా? కొట్టుకుంటే తెలిసేది. ఇవి కొట్టుకోవడం లేదు. మసి తోక నిటారుగా పైకెత్తి, తోక చివర మాత్రం కొంచెం వంచి, తిన్నగా దొర దగ్గరికి పోయేది. వాడి బుగ్గకి బుగ్గ రాసేది. తర్వాత మెడ, తర్వాత పక్కటెముకలు, చివరికి తోక కూడా వాడి మీదుగా లాక్కుంటూ పోయేది. అవతలి వైపుకి వెళ్ళి, తిరిగి వచ్చి మళ్ళీ మొదలు. దొర మాత్రం గోడలా కూర్చునేవాడు. ఒక్కసారీ తిరిగి రాసింది లేదు. చూపు కూడా కిటికీ బయటే.

"చూశారా, మనవాడికి అదంటే పడటం లేదు," అన్నాను మా ఆయనతో.

మా ఆయన గడియారాలు బాగుచేసేవారు. చెయ్యి వణుకుతోందని పని మానేశారు గానీ, దేన్ని చూసినా లోపల ఏ పళ్ళచక్రం తిరుగుతోందో తనకే తెలిసినట్టు మాట్లాడటం మానలేదు.

"వాడు దొర. ఆవిడొచ్చి సలాం కొడుతోంది. వాడు తిరిగి కొడతాడటే?"

"సలాం అయితే ఒళ్ళంతా రుద్దాలా? అది గజ్జి. ముందు దానికి, తర్వాత వీడికి, తర్వాత మనకి."

"ముందు నీకే వచ్చేట్టుంది. చూడు, మోచెయ్యి గోక్కుంటున్నావు."

నిజంగానే గోక్కుంటున్నాను. ఆపితే మెడ మీద మొదలైంది.

ఇక నేను ఊరుకోలేదు. మసి తోకెత్తి దొర వైపు బయలుదేరడం కనపడితే చాలు, మిషను ఆపి లేచి, దాన్ని రెండు చేతులా ఎత్తి వాళ్ళ గదిలో దింపి వచ్చేదాన్ని. గజ్జి అంటకూడదు, గొడవ రాకూడదు, దొర విసిగిపోయి పంజా విసరకూడదు. మూడు భయాలకీ అదొక్కటే మందు. నాలుగైదుసార్లు కోడలి కళ్ళముందే అలా చేశాను. ఆమె మసిని తీసుకుని గది తలుపు దగ్గరగా వేసుకుంది. నా జాగ్రత్త అర్థం చేసుకుందనుకున్నాను.

నెలాఖరు దగ్గరపడుతుంటే ఇక ఉండబట్టలేక అడిగేశాను. గజ్జి అన్న మాట నోట రానివ్వలేదు. కోడలి పిల్లికి గజ్జి అని అత్త అనొచ్చా? మెత్తగానే చెప్పాను.

"అమ్మాయ్, నీ పిల్లి అస్తమానం రాసుకుంటోంది, చూశావా? ఒకసారి డాక్టరుని అడగరాదూ?"

"అడుగుతానత్తయ్యా. నాకూ దిగులుగానే ఉంది," అంది. దిగులుగానే ఉందట. అంటే తనకి ముందే తెలుసన్నమాట.

ఆమె కళ్ళజోళ్ళ షాపు వెనక గదిలో అద్దాలు అరగదీసే పని చేస్తుంది. మర్నాడు అక్కడినుంచే ఫోను చేసింది. వెనకాల మిషను గుయ్యిమంటోంది.

"అత్తయ్యా, పిల్లుల డాక్టరమ్మతో మాట్లాడాను. కంగారు పడక్కర్లేదట. బుగ్గలకి రాయాలట."

"ఏంటీ?"

"బుగ్గలకి! మెత్తటి గుడ్డతో రాయాలట. ఒకదానికి రాసి..." గుయ్యి. "...రెండోదానికి కూడా. పొద్దున్నా సాయంత్రం. అలా రాస్తూ ఉంటే నెమ్మదిగా సర్దుకుంటుందట."

"రెండిటికీనా?"

"రెండిటికీ. నేనొచ్చాక చేద్దాం లెండి, ఇక్కడ మిషను..." గుయ్యి. ఫోను పెట్టేసింది.

రెండిటికీ. అంటే దొరకి కూడా అంటుకుంది. నేను ఎత్తి పక్కన పెట్టిందంతా నీళ్ళపాలు. కంగారు పడక్కర్లేదని డాక్టర్లు ఎప్పుడంటారో నాకు తెలియదా? మా ఆడపడుచుకి కూడా అలాగే అన్నారు.

అంతా విన్నాను గానీ ఏం రాయాలో మాత్రం ఆమె చెప్పలేదు. తిరిగి ఫోను చేద్దామంటే, అరగదీసే చోట ఫోను పట్టుకుంటే వాళ్ళ మేనేజరు అరుస్తాడని ఆమే చెప్పింది. మావాడు గొయ్యిలో ఉంటే ఎత్తడు. ఎత్తడానికి చెయ్యి వదిలితేనో? అందుకని వాడికి నేను పనివేళల్లో ఫోను చెయ్యను.

"ఏం రాయాలంటారు?" అన్నాను మా ఆయన్ని.

"రాయాలంటే మందే రాయాలి. ఇంకేం రాస్తావు, ఉత్తరమా?"

"ఏ మందు?"

"చర్మానికి రాసేది. నా మోకాలి వెనక రాసుకునేది లేదూ?"

ఉంది. పసుపు రంగు ఆయింటుమెంటు, రేకు డబ్బాలో. గంధకం కలిసింది. మూత తీస్తే అగ్గిపెట్టె మొత్తం ఒక్కసారి వెలిగించినట్టు వాసన. మా ఆయన తామర దాంతోనే తగ్గింది. మనిషికి తగ్గింది పిల్లికి తగ్గదా? ఆమె వచ్చాక చేద్దామంది గానీ, అప్పటిదాకా ఆగితే ఇంకెంత పాకుతుందో. పైగా పొద్దున్న రాయాల్సింది ఇప్పటికే దాటిపోయింది.

మెత్తటి గుడ్డ అంటే నా దగ్గర గుడ్డలకేం కొదవ. పరదా లోపల వేసే అస్తరు ముక్క తీసుకుని దొరకి రెండు బుగ్గలకీ రాశాను. వాడు అంత అవమానం ఈ జన్మలో ఎరగనట్టు చూశాడు. మసికి రాస్తుంటే నా మణికట్టు మీద గీత పడింది. అయినా రాశాను. చెవుల వెనక కూడా రాశాను. చేసే పని సగం చెయ్యడం నాకు రాదు.

రాసి, చేతులు కడుక్కుని వచ్చి, డబ్బా మూత పెడుతూ దాని మీద అక్షరాలు చదివాను. 'పైపూతకు మాత్రమే. మింగరాదు.'

మా ఆయన కళ్ళద్దాలు పైకి జరుపుకుని ఆయనా చదివారు. ఇద్దరం పిల్లుల వైపు చూశాం. రెండూ కూర్చుని ముంజేతులు నాక్కుని, ఆ ముంజేతులతో మూతి తుడుచుకుని, మళ్ళీ నాక్కుంటున్నాయి.

"ఏమేవ్," అన్నారాయన మెల్లగా, "అవి నాకుతున్నాయే."

ఆ తర్వాత చేసిందంతా కలలో చేసినట్టే ఉంది. తొట్టిలో గోరువెచ్చని నీళ్ళు పట్టాను. ఆయన దొరని పట్టుకున్నారు, నేను సబ్బు రుద్దాను. బుగ్గలు, చెవులు, మెడ, పనిలో పనిగా ఒళ్ళంతా. తర్వాత మసి. ఆయన చొక్కా చేతులు చీలికలయ్యాయి. రెండిటినీ తువ్వాళ్ళతో ఒత్తి, ఎండ తగులుతుందని ముందుగదిలో కిటికీ కింద వదిలాను.

మసి వణుకుతూ, తడితోకతో, అలవాటు ప్రకారం దొర దగ్గరికి నడిచింది. ఆసారి నేను ఆపలేదు, ఆపే ఓపిక లేదు. దొర ముక్కు ముందుకి చాచాడు. ఒకసారి వాసన చూశాడు. నోరు కొంచెం తెరిచి అలాగే ఉండిపోయాడు, ఎవరో తెలియని మనిషి తన పేరు పెట్టి పిలిచినట్టు. తర్వాత బుస్సుమన్నాడు. ఇన్నేళ్ళలో ఆ చప్పుడు వాడి నోట నేను వినలేదు. మసి బెదిరి వెనక్కి జరిగిందో లేదో పంజా పడింది.

ఆ తర్వాత ఏది ఎవరో తెలియలేదు. కొట్టుకి ఇవ్వాల్సిన ఆకుపచ్చ పరదా నిలువునా చిరిగింది. దారపుండలు మంచం కిందికి దొర్లాయి. చివరికి దొర బీరువా కింద, మసి బీరువా పైన. మధ్యలో నేను, చేతిలో చీపురు. దాంతో ఏం చేద్దామనుకున్నానో నాకే తెలియదు.

సాయంత్రం కోడలు తలుపు తీస్తూనే ముక్కు మూసుకుంది.

"ఏం కాలిందత్తయ్యా?"

"కాలలేదు. మందు."

"ఎవరికి మందు?"

"రాయమన్నావుగా. రెండిటికీ రాశాను."

ఆమె సంచీ భుజం మీంచి దించకుండానే నిలబడిపోయింది. "ఏం రాశారు?"

నేను డబ్బా చూపించాను. డబ్బా చదివింది, బీరువా పైకి చూసింది, వంగి కిందికి చూసింది. వెంటనే డాక్టరమ్మకి ఫోను చేసింది. ఎంత రాశారు, ఎప్పుడు కడిగారు, నోట్లోంచి చొంగ కారుతోందా, వాంతి చేసుకున్నాయా అని ఆవిడ అడగడం, ఈమె నన్ను అడగడం, నేను చెప్పడం. వెంటనే కడిగారు కాబట్టి ప్రమాదం ఉండకపోవచ్చట, కనిపెట్టి చూడమందట. 'ఉండకపోవచ్చు' అన్న మాట నాకు నచ్చలేదు. ఉండదు అనొచ్చుగా?

ఫోను పెట్టేసి కోడలు అక్కడే నేల మీద కూర్చుండిపోయింది. ఏడుస్తుందనుకున్నాను. భుజాలు ఎగురుతుంటే ఏడుపే అనుకున్నాను. తలెత్తితే నవ్వు. కళ్ళల్లో నీళ్ళు మాత్రం నిజంగానే ఉన్నాయి. ఏది లెక్కలోకి తీసుకోవాలో తెలియలేదు.

"మందు కాదత్తయ్యా," అంది. "ఒకదాని బుగ్గ గుడ్డతో తుడిచి, ఆ గుడ్డనే రెండోదానికి రాయాలట. దాని వాసన దీనికి, దీని వాసన దానికి. అంతే."

"వాసనా? గజ్జికి వాసనేంటి?"

"గజ్జి ఎవరికి?"

ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. మా ఆయన కిటికీ దగ్గర్నుంచి దగ్గారు.

"రాసుకుంటోంది, డాక్టరుని అడగమన్నావు కదా అని అడిగాను," అంది కోడలు. కంగారులో నన్ను నువ్వు అనేసింది. "నేనడిగింది వేరు. మసి రాసుకుంటుంటే మా అత్తయ్య మాటిమాటికీ ఎత్తి అవతల పెడుతున్నారు, రెండూ కలవవేమోనని భయంగా ఉంది, ఏం చెయ్యాలని అడిగాను. రాసుకోవడం జబ్బు కాదత్తయ్యా. పలకరింపు. బుగ్గల్లో ఏదో వాసన ఉంటుందట, మన ముక్కులకి అందదట. ఒకదానికొకటి రాసుకుని, గుమ్మానికీ కుర్చీకీ మనకీ రాసి, చివరికి అన్నిటికీ ఒకే వాసన పట్టిస్తాయట. ఆ వాసన ఉన్నవాళ్ళు మనవాళ్ళు."

"మరి మనవాడు తిరిగి రాయడేం?"

"కొన్ని రాస్తాయట, కొన్ని రాయించుకుంటాయట. కదలకుండా ఉన్నాడంటే ఒప్పుకున్నట్టేనట."

ఒప్పుకున్నట్టే. ఇన్నాళ్ళూ కదలకుండా కూర్చున్నాడు. నేను అది చూసి ఇష్టం లేదనుకున్నాను. ఒప్పుకున్నదాన్ని నేను రోజూ ఎత్తి అవతల పారేశాను. ఇవాళ ఆ కాస్త వాసనా సబ్బు పెట్టి కడిగేశాను.

"మీకు అదంటే గిట్టదనుకున్నాను," అంది కోడలు, తువ్వాలు అంచు మెలిపెడుతూ. "మసిని ఎత్తేటప్పుడు మీ మొహం అలా ఉండేది."

"నా మొహం ఎప్పుడూ అలాగే ఉంటుందమ్మా. అడుగు, మీ మామయ్యని."

"పుట్టుకతోనే," అన్నారు మా ఆయన.

"అందుకే ఇల్లు చూద్దామంటే నేను సరేనన్నాను," అంది.

చూద్దామన్నది ఎవరు అని అడగబోయాను. అప్పుడే మావాడు వచ్చాడు. గుమ్మంలోనే ఆగి, వాసన పీల్చి, చిరిగిన పరదా చూసి, బీరువా పైనున్న దాన్ని చూసి, ఎవరూ ఏమీ చెప్పకుండానే అంతా తెలిసినట్టు తలూపాడు.

"కొట్టుకున్నాయా? ఇంకేముంది. ఓనరు పొద్దున్నించీ ఫోను చేస్తున్నాడు, తేల్చమని. తీసుకుంటామని చెప్పేస్తాను."

ఏం చెప్పను? మీరు వెళ్ళకూడదని రాసిన మందే మిమ్మల్ని పంపిస్తోందని చెప్పనా? వాడు ఫోను తీశాడు. అవతల మోగుతోంది. కోడలు లేచి, వాడి చేతిలోంచి ఫోను తీసుకుంది.

"నమస్కారమండీ. మేమేనండీ. మాకు ఇంకొన్నాళ్ళు కావాలండీ... లేదండీ, అద్దె సంగతి కాదు. పిల్లి."

అవతలి గొంతు పెద్దది, నాకూ వినపడుతోంది. "పిల్లకేమైందమ్మా? ఒంట్లో బాగాలేదా?"

"పిల్ల కాదండీ, పిల్లి."

"ఎవరి పిల్లమ్మా?"

"పిల్లి! మ్యావ్!" అని అరిచాడు మావాడు పక్కనుంచి.

అవతల ఆయన, తాను ఆగలేనని, ఇంకొకళ్ళు అడ్వాన్సు పట్టుకుని గుమ్మంలో ఉన్నారని, పిల్లి కోసం ఇల్లు ఖాళీగా పెట్టుకోలేనని అన్నాడు.

"అయితే వాళ్ళకే ఇచ్చేయండి," అంది కోడలు. ఫోను మావాడి జేబులో పెట్టేసింది.

"అదేంటి?" అన్నాడు వాడు. "కొట్టుకుంటే వెళ్ళాలనుకున్నాం కదా?"

"కొట్టుకున్నది సబ్బు వాసనలు. పిల్లులు కాదు. ఇప్పుడు దాన్ని ఇంకో కొత్త ఇంటికి లాక్కెళితే బెంబేలెత్తిపోతుంది. నేను రాను."

"మరి అవి మామూలయ్యాక?" అన్నాను. అడక్కుండా ఉండాల్సింది. అడిగేశాను.

"మామూలైతే ఇక వెళ్ళడం ఎందుకత్తయ్యా?"

నేను వంటింట్లోకి వెళ్ళి టీకి నీళ్ళు పెడుతూ ఆలోచించాను. బాగుంటే వెళ్ళక్కర్లేదు. బాగోకపోతే వెళ్ళలేరు. అయితే వెళ్ళేది ఎప్పుడు? లెక్క ఎటునుంచి చూసినా వెళ్ళనట్టే వస్తోంది, అంత సులువుగా తేలితే అందులో ఏదో పొరపాటు ఉండాలి. ఎక్కడుందో దొరకలేదు. వెళ్ళి మళ్ళీ అడుగుదామా అనుకున్నాను. అడిగితే పొరపాటు వాళ్ళకీ కనపడుతుందేమోనని మానేశాను. నీళ్ళు మరిగి మరిగి గిన్నె అడుగంటింది.

మర్నాటి నుంచీ గుడ్డపని నాదే అయింది. కోడలు దగ్గరుండి చూపించింది. దొర గడ్డం కిందా బుగ్గ మీదా ముక్క ఆడించడం, ఆ ముక్క తీసుకెళ్ళి మసి ముందు పెట్టడం, మసి తనంతట తాను మూతి ఆనిస్తే అప్పుడు రాయడం. మసి బుగ్గ తుడిచిన ముక్క దొర కూర్చునే పరదాల మీద. నా గుడ్డలపెట్టెలో ఏది మామూలు ముక్కో, ఏది పిల్లి ముక్కో తెలియకుండా పోయింది. పిల్లి ముక్క ఒకటి పరదా అంచులో వేసి కుట్టేశానేమోనని నాకు ఇప్పటికీ అనుమానమే. కొన్నవాళ్ళింట్లో కుక్క ఉంటే?

మొదట్లో గది తలుపు వేసి, తర్వాత సందుగా తీసి, ఒక మధ్యాహ్నం పూర్తిగా తీశాం. ఆ రోజు కోడలికి సెలవు. ఇద్దరం నేల మీద గోడకి ఆనుకుని కూర్చున్నాం. దొర వాడి పరదాల మీద ఉన్నాడు. మసి గుమ్మంలో ఆగింది. అటూ ఇటూ చూసింది. తోక లేచింది.

నా చేతులు వాటంతటవే ముందుకి వెళ్ళాయి, ఎత్తడానికి. కోడలు నా మోచెయ్యి పట్టుకుని కూర్చోబెట్టింది.

"రాయనివ్వండి."

మసి నడిచి వెళ్ళింది. దొర లేచి నిలబడ్డాడు. వాడు లేవడం నాకు నచ్చలేదు, ఎప్పుడూ లేవడు. వాడు రెండడుగులు వేసి, మసి పక్కనున్న కుర్చీ కాలికి బుగ్గ ఆనించి, నిదానంగా, చెవి మొదటి దాకా రాశాడు. మసి అదే కుర్చీ కాలికి అవతలి వైపు రాసింది. తర్వాత ఇద్దరూ చెరో దిక్కు చూస్తూ కూర్చున్నారు, మధ్యలో కుర్చీ కాలు.

"ఇది దానికి రాసినట్టా, కుర్చీకి రాసినట్టా?" అన్నాను గుసగుసగా.

కోడలు నా మోచెయ్యి ఇంకా వదల్లేదు. ఆమె చెయ్యి చల్లగా ఉంది. మంచిదో చెడ్డదో ఆమె మొహం చూస్తే తెలుస్తుందని తిరిగి చూశాను. నోరు కొంచెం తెరుచుకుని, కనుబొమలు ముడుచుకుని, ఆమె కూడా ఆ కుర్చీ కాలు వైపే చూస్తోంది.

"ఏమోనత్తయ్యా," అంది. "నాకూ తెలీడం లేదు. ఇంకాసేపు కూర్చుందాం."